డాంగిల్‌కో దుబాసీ



తెనాలిలో మాకో చిన్న షాపుంది. కంప్యూటర్లు బాగుచేస్తాం. ఆమధ్య ఓ సోమవారం ఉదయం షట్టరు ఇంకా సగమే లేపాను, రిటైరైన లెక్కల మాస్టారొకాయన ఆటో దిగారు. పాత దుప్పట్లో చంటిపిల్లాణ్ణి చుట్టినట్టు చుట్టి సిపియు తెచ్చారు. దాన్ని బల్లమీద పెట్టి, చొక్కా జేబులోంచి చిటికెనవేలి గోరంత వస్తువు తీసి పక్కన పెట్టారు. వైఫై డాంగిల్.

"అబ్బాయ్, ఈ ముక్క ఆరొందలు. ఇది ఇంటికొచ్చిన మూడోరోజుకి పాతికవేల సిస్టమ్ మూలపడింది. ఎట్లా పడిందో నువ్వే చెప్పాలి."

"ముందు మీరు ఏం చేశారో చెప్పండి మాస్టారూ."

లెక్కల మాస్టారు కదా, మెట్టు తప్పకుండా చెప్పుకొచ్చారు. రౌటర్ కింద హాల్లో ఉంది. సిస్టమ్ మేడమీద. వైరు లాగాలంటే గోడకు చిల్లు పెట్టాలి, ఇంటావిడ ఒప్పుకోలేదు. సరే, డాంగిల్ కొన్నారు. పెట్టెమీద ఇంగ్లీషులో 'డ్రైవర్ ఫ్రీ' అని ఉంది. అంటే డ్రైవర్ ఎక్కడో ఉచితంగా దొరుకుతుంది, మనమే తెచ్చుకోవాలి కాబోలు అనుకున్నారు. సిస్టమ్‌లో నెట్ లేదు. నెట్ రావాలంటే డ్రైవర్ కావాలి, డ్రైవర్ రావాలంటే నెట్ కావాలి. పిచ్చి కుదిరితేగానీ పెళ్లికాదు, పెళ్లయితేగానీ పిచ్చి కుదరదు. ఆయన ఫోన్‌లో వెతికారు. అన్నిటికంటే పైన వచ్చినదాన్ని నొక్కారు. అరచేయంత ఆకుపచ్చ బటన్, దానిమీద 'డౌన్‌లోడ్'. దించి, కేబుల్‌తో సిస్టమ్‌లోకి ఎక్కించి, డబుల్ క్లిక్ కొట్టారు. కాసేపు యాంటీవైరస్ ఆపమని అది అడిగింది.

"ఆపారా?"

"అడిగింది కదా, ఆపాను."

వైఫై రాలేదు. దాని బదులు, మీ కంప్యూటర్లో ఇన్ని లోపాలున్నాయి, డబ్బు కట్టండి బాగుచేస్తాం అంటూ ఒక కిటికీ వచ్చి కూర్చుంది. బ్రౌజర్ తెరిస్తే ఎప్పుడూ చూడని పేజీ. మూడోరోజు పొద్దున నీలితెర, అంతే.

ఇందులో ఒక తమాషా ఉంది. అది చెబుతాను. ఈలోగా ఇంట్లో డాంగిల్ ఉన్నవాళ్లు ఒక కాగితం, పెన్ను దగ్గర పెట్టుకోండి. మధ్యలో కొన్ని అక్షరాలు నిదానంగా చదువుతాను.

డ్రైవర్ అనగానే బండి తోలేవాడు గుర్తొస్తాడు మనకు. కంప్యూటర్లో డ్రైవర్ చేసేది ఆ పని కాదు, దుబాసీ పని. ఈ మాట వాడకం ఇప్పుడు తగ్గింది. కంపెనీ రోజుల్లో దొరకూ మనవాళ్లకూ మధ్య నిలబడి ఇటు మాట అటూ, అటు మాట ఇటూ చెప్పేవాడు దుబాసీ. కాలిన్ మెకంజీ అనే దొర దక్షిణాదిలో ఊరూరి సంగతులూ రాయించి పోగుచేశాడు. ఇవాళ మనం మెకంజీ కైఫీయతులు అని చెప్పుకునేవి అవే. ఆ దొరకు మన భాషలు రావు. ఏలూరి వాడైన కావలి వెంకట బొర్రయ్య, 1803లో ఆయన పోయాక తమ్ముడు లక్ష్మయ్య, దొరకు నోరూ చెవీ అయ్యారు. అలాంటివాళ్లు దొరికారు కాబట్టి సరిపోయింది. టక్కరివాడెవడైనా దొరికి ఉంటే దొర రాసుకున్నదంతా తప్పే అయ్యేది. పైగా అది తప్పని తెలిసే దారి కూడా దొరకు ఉండేది కాదు.

విండోస్ పరిస్థితీ అదే. 'మేడకింద రౌటర్‌తో మాట్లాడు' అని విండోస్ అంటుంది. డాంగిల్ లోపలున్న చిప్‌కు ఆ మాట తెలియదు. ఫలానా గడిలో ఫలానా అంకె వేస్తే రేడియో మొదలవుతుంది, మరో గడిలో మరో అంకె వేస్తే చానల్ మారుతుంది, దానికి తెలిసిన భాష అంతే. ఆ భాష కూడా చిప్పుకో రకం. రియల్‌టెక్ చిప్ భాష మీడియాటెక్ చిప్‌కు రాదు. రియల్‌టెక్‌లోనే రెండు చిప్పులకు ఒకే యాస ఉండదు. అందుకే ప్రతి చిప్పుకూ దాని దుబాసీ వేరు.

పాటల ప్లేయరో, ఫొటోలు దిద్దే సాఫ్ట్‌వేరో అయితే వీధి అరుగు మీద కూర్చుని పని చూసుకుని పోతుంది. దుబాసీకి అలా కాదు, దొరగారి లోపలి గదిలోకి కూడా అడ్డం లేదు. ఆ లోపలి గదిని కెర్నల్ అంటారు. మెమరీ అంతా, డిస్కు అంతా, మీరు కొట్టే ప్రతి అక్షరం అక్కడి నుంచి అందుబాటులోనే ఉంటాయి. వైఫై డ్రైవర్ పనిచేసేది అక్కడే. అరుగు మీదివాడు తూలిపడితే వాడొక్కడే పడతాడు. లోపలి గదిలో ఉన్నవాడు పడితే ఇల్లే కూలుతుంది.

2024 జులై 19న జరిగింది గుర్తుందా? క్రౌడ్‌స్ట్రైక్ అనే భద్రతా సంస్థ సాఫ్ట్‌వేర్ కూడా కెర్నల్‌లో కూర్చునేదే. ఆ రోజు దానికి పంపిన ఒక చిన్న ఫైల్లో తప్పు దొర్లింది. ప్రపంచమంతటా సుమారు 85 లక్షల విండోస్ యంత్రాలు నీలితెర వేసుకుని కూర్చున్నాయి. మన హైదరాబాద్ విమానాశ్రయంలో బోర్డింగ్ పాసులు చేత్తో రాసిచ్చారు. అక్కడ ఎవరి దురుద్దేశమూ లేదు, పొరపాటు మాత్రమే. తెలిసిన సంస్థ పొరపాటుకే అంత జరిగింది. ఇక ఊరూ పేరూ లేనివాణ్ణి, యాంటీవైరస్‌కు సెలవిచ్చి మరీ లోపలి గదిలోకి పంపితే?

మాస్టారి సిస్టమ్‌ను నేను శుభ్రం చేయలేదు. ఆ ప్రోగ్రాం తీసేస్తే చాలదా అని ఆయన అడిగారు. చాలదని నా అభిప్రాయం. లోపలి గదిలోకి ఏం వెళ్లిందో, వెళ్లినది బయటకొచ్చిందో లేదో తెలియనప్పుడు నేను పూచీ పడలేను. ఆయన ఫొటోలు, పెన్షన్ కాగితాలు, మనవరాలి సర్టిఫికెట్లు వేరే డిస్క్‌లో భద్రంచేసి, ఫార్మాట్ కొట్టి విండోస్ మళ్లీ వేశాను. బ్యాంకు పాస్‌వర్డ్, మెయిల్ పాస్‌వర్డ్ మరో ఫోన్ నుంచి అప్పటికప్పుడే మార్పించాను. ఆయన డబ్బేమీ పోలేదు. పోయి ఉంటే వెంటనే 1930కి ఫోన్ చేయమనేవాణ్ణి. సైబర్ మోసాలకు దేశమంతటికీ అదే నంబరు. డబ్బు చేతులు మారకముందే ఆపించాలంటే ఆలస్యం పనికిరాదు.

ఇప్పుడు తమాషా. కొత్త విండోస్ లేచాక, ఏమీ ఎక్కించకుండా, డాంగిల్ ఒక్కటే గుచ్చి, మాస్టారిని తెర చూడమన్నాను. 'దిస్ పీసీ'లో సి డ్రైవ్ పక్కన కొత్తగా ఒక సీడీ డ్రైవ్ ప్రత్యక్షమైంది. ఆ సిపియుకి అసలు సీడీ పెట్టే మూతే లేదు. మాస్టారు కళ్లజోడు సర్దుకున్నారు. ఆ సీడీ డాంగిలే. ఈ రకం డాంగిళ్లు గుచ్చగానే మొదట సీడీ వేషం కడతాయి. లోపల కాస్త మెమరీలో కంపెనీవాళ్లు డ్రైవర్ పెట్టి పంపుతారు. డ్రైవర్ పడ్డాక సీడీ వేషం తీసేసి వైఫై వేషం కడతాయి. 'డ్రైవర్ ఫ్రీ' అంటే అర్థం అదీ. విడిగా తెచ్చుకునే పని లేదు, వెంట తెచ్చాం అని. చంకలో పిల్లను పెట్టుకుని ఊరంతా వెతకడం అంటే ఇదే.

మరి దాన్నే వేసుకోవచ్చా? తెలిసిన కంపెనీ డాంగిలైతే వేసుకోవచ్చు, కాకపోతే అది ఫ్యాక్టరీలో పెట్టిననాటి పాత సరుకై ఉంటుంది. పేరులేని డాంగిలైతే నేను దాని జోలికి పోను. పెట్టెలో వచ్చే బుల్లి సీడీల సంగతీ అంతే. నాకు వేరే దారి ఉంది.

సీడీ గుర్తు మీద రైట్ క్లిక్ కొట్టి 'ఎజెక్ట్' అన్నాను. చాలా డాంగిళ్లు దీంతోనే వేషం మారుస్తాయి. ఇదీ మార్చింది. ఇప్పుడు స్టార్ట్ బటన్ మీద రైట్ క్లిక్ కొడితే జాబితాలో 'డివైస్ మేనేజర్' కనిపిస్తుంది. తెరిస్తే, 'అదర్ డివైసెస్' కింద పసుపు త్రికోణంతో ఒక పేరుంది. విండోస్ దాన్ని చూసింది, కానీ భాష రాక నిలబడిపోయింది. దానిమీద డబుల్ క్లిక్ కొడితే కోడ్ 28 అని ఉంటుంది, దుబాసీ లేడని అర్థం. పక్కన 'డీటెయిల్స్' అనే ట్యాబ్ నొక్కి, కింద జాబితాలో 'హార్డ్‌వేర్ ఐడీస్' ఎంచుకోవాలి. ఒక బారెడు వరస వస్తుంది.

కాగితం తీసుకోండి. మాస్టారి డాంగిల్ వరస చదువుతాను. యూఎస్‌బీ. తర్వాత వెనక్కి వాలిన గీత. వీ, ఐ, డీ. కింద గీత. సున్నా, బీ, డీ, ఏ. తర్వాత 'అండ్' గుర్తు. పీ, ఐ, డీ. కింద గీత. సీ, ఎనిమిది, ఒకటి, ఒకటి.

ఇందులో 'వీఐడీ' తర్వాతి నాలుగూ ఇంటిపేరు. 'పీఐడీ' తర్వాతి నాలుగూ పెట్టిన పేరు. యూఎస్‌బీ పరికరాలు చేసే ప్రతి సంస్థకూ ఒక ఇంటిపేరు ఉంటుంది. 0బీడీఏ అంటే తైవాన్‌లోని రియల్‌టెక్. సీ811 అంటే ఆర్‌టీఎల్8811సీయూ అనే చిప్. పెట్టెమీద ఎవరి బొమ్మైనా ఉండనివ్వండి, అమ్మిన షాపు ఏ పేరైనా చెప్పనివ్వండి, ఈ ఎనిమిది అక్షరాలు చెప్పేదే ఆధారం. పెట్టెమీద వెయ్యి పైచిలుకు వేగం రాసి, లోపల 150 దాటని 2.4 గిగాహెర్ట్జ్ చిప్ బిగించిన సరుకు నా చేతుల్లోంచి చాలా వెళ్లింది. పేరు గొప్ప ఊరు దిబ్బ. ఇంటిపేరు, పేరు చదివితే బండారం తెలిసిపోతుంది.

సరే, దుబాసీని ఎక్కణ్ణుంచి పిలవాలి? మాస్టారి ఫోన్ అడిగి తీసుకున్నాను. అదే ఫోన్, అదే కేబుల్. సిస్టమ్‌కు కలిపి, ఫోన్ సెట్టింగ్స్‌లో హాట్‌స్పాట్ ఉన్నచోట 'యూఎస్‌బీ టెదరింగ్' ఆన్ చేశాను. అరనిమిషంలో సిస్టమ్‌కు నెట్ వచ్చేసింది. ఆండ్రాయిడ్ ఫోన్‌తో ఈ పనికి కావలసిన డ్రైవర్ విండోస్ దగ్గర ముందే ఉంటుంది. కేబుల్ మాత్రం డేటా కేబుల్ అయి ఉండాలి. చార్జింగ్‌కు మాత్రమే పనికొచ్చే చౌకరకం తీగలతో గంటసేపు కుస్తీపట్టి, ఫోన్ పాడైందనుకుని నా దగ్గరకు తెచ్చినవాళ్లున్నారు.

మాస్టారు కేబుల్ వంక చూశారు. "అంటే మొన్న ఫైలు ఎక్కించినప్పుడు, ఈ తీగలోనే నెట్ కూడా ఉందన్నమాట."

"ఉంది మాస్టారూ."

"పిచ్చీ పెళ్లీ ఒకే ముహూర్తానికి కుదిరేవి."

నెట్ వచ్చాక విండోస్ అప్‌డేట్‌కు వెళ్లి, 'అడ్వాన్స్‌డ్ ఆప్షన్స్'లో 'ఆప్షనల్ అప్‌డేట్స్' తెరిచాను. అందులో 'డ్రైవర్ అప్‌డేట్స్' అని ఒక వరస ఉంటుంది, చాలామంది కంటికి ఆనదు. రియల్‌టెక్ పేరుతో ఒకటి కనిపించింది. టిక్ పెట్టి, దించుకోమన్నాను. కాఫీ వచ్చేలోపు పసుపు త్రికోణం పోయింది. నూటికి తొంభై సందర్భాల్లో అని అంకె కట్టను గానీ, నా దగ్గరకొచ్చే డాంగిళ్లలో ఎక్కువ భాగం పని ఇక్కడే అయిపోతుంది. వీటికి వెబ్‌సైట్లు వెతకనక్కర్లేదు.

ఇక్కడ దొరకని మొండిఘటాలూ ఉంటాయి. అప్పుడు డాంగిల్ కంపెనీ సొంత వెబ్‌సైట్‌కే వెళ్లాలి. సెర్చ్‌లో కొట్టి పైన వచ్చినదాన్ని నొక్కవద్దు. అక్కడ పైవరసలు చాలాసార్లు డబ్బిచ్చి వేయించుకున్న ప్రకటనలు. పెట్టెమీద ఉన్న అడ్రసును చేత్తో టైపు చేసుకోండి. వెళ్లాక ఇంకో మెలిక ఉంది. టీపీ-లింక్ వాళ్ల డబ్ల్యూఎన్722ఎన్ అనే డాంగిల్ చాలా పేరున్నది. మొదటి వెర్షన్‌లో ఆథెరోస్ చిప్ ఉండేది. రెండో వెర్షన్ నుంచి రియల్‌టెక్ చిప్. పైకి మోడల్ పేరు అదే! ఒకరి డ్రైవర్ మరొకరికి పనిచేయదు. డాంగిల్‌ను తిరగేస్తే అడుగున చీమ తలకాయలంత అక్షరాల్లో 'వీఈఆర్' అని, పక్కన ఒక అంకె ఉంటుంది. కంటికి ఆనకపోతే ఫోన్‌తో ఫొటో తీసి పెద్దది చేసి చూడండి. వెబ్‌సైట్లో ఆ అంకె ఎంచుకున్నాకే డౌన్‌లోడ్ నొక్కాలి. విండోస్ 32 బిట్టా 64 బిట్టా అన్నది కూడా సరిపోవాలి.

దించిన ఫైలును ఎక్కించేముందు ఒక పని. ఫైల్ మీద రైట్ క్లిక్, 'ప్రాపర్టీస్', అందులో 'డిజిటల్ సిగ్నేచర్స్'. సంతకం ఉందా, ఎవరిది? ఇది పాతకాలం లక్కముద్ర లాంటిది. ఇది ఫలానావారు పంపినది, దారిలో ఎవరూ విప్పలేదు అని చెబుతుంది. 64 బిట్ విండోస్ విస్టా రోజుల నుంచి ముద్ర లేని డ్రైవర్‌ను కెర్నల్‌లోకి రానివ్వడం లేదు. 2016లో వచ్చిన విండోస్ 10 వెర్షన్ 1607 నుంచి, కొత్త డ్రైవర్లయితే మైక్రోసాఫ్ట్ ముద్ర కూడా పడాలన్నారు. ముద్ర సరిపోకపోతే డివైస్ మేనేజర్‌లో కోడ్ 52 అని వస్తుంది. అప్పుడు కొందరు ఇంటర్నెట్‌లో చూసి, సంతకం తనిఖీని ఆపేసి మరీ ఎక్కిస్తారు. కావలివాణ్ణి కట్టేసి తలుపు తీయడం అది. 'డ్రైవర్ సిగ్నేచర్ ఎన్‌ఫోర్స్‌మెంట్' ఆపమన్నా, యాంటీవైరస్ ఆపమన్నా, 'మెమరీ ఇంటిగ్రిటీ' తీసేయమన్నా ఆ డ్రైవర్‌ను వదిలేయండి. డాంగిల్ ఆరొందలే కదా, పోతే పోనీ.

ముద్ర ఉంటే నిశ్చింతేనా అని అడగొచ్చు. ముద్రారాక్షసం నాటకం తెలిసినవాళ్లు అలా నిశ్చింతగా ఉండలేరు. రాక్షసమంత్రి ఉంగరం చాణక్యుడి చేతికి చిక్కింది, ఆ ముద్రతోనే దొంగ ఉత్తరం పుట్టించి రాక్షసుణ్ణి వలలో వేశాడు. తెలుగులో ఆ మాట చివరికి అచ్చుతప్పులకు పేరైపోయింది గానీ, అసలు కథ సంతకం దొంగతనం కథే. 2010లో అదే కథ మళ్లీ నడిచింది, ఈసారి కంప్యూటర్లలో. ఆ జూన్‌లో బెలారస్‌లోని ఒక చిన్న యాంటీవైరస్ సంస్థ కంట ఒక వింత వైరస్ పడింది. తర్వాత దానికి స్టక్స్‌నెట్ అని పేరొచ్చింది. ఇరాన్‌లో నతాంజ్ దగ్గర యురేనియం శుద్ధిచేసే యంత్రాలను చెడగొట్టడానికి తయారైన వైరస్ అది. పెన్‌డ్రైవ్‌ల మీద ప్రయాణం చేసేది. లోపలి గదిలోకి ఎలా వెళ్లింది? డ్రైవర్ వేషంలో. విండోస్ అడ్డుకోలేదు, ఎందుకంటే ఆ డ్రైవర్ మీద ముద్ర ఉంది. ఎవరి ముద్ర? రియల్‌టెక్‌ది. మాస్టారి డాంగిల్ ఇంటిపేరు ఏదో, ఆ సంస్థదే. ఆ సంస్థకు ఈ పాపంతో సంబంధం లేదు, వాళ్ల సంతకపు తాళం దొంగల చేతిలో పడింది. సంగతి బయటపడగానే జులైలో ఆ సర్టిఫికెట్‌ను రద్దుచేశారు. కొద్దిరోజులకే మరో డ్రైవర్ బయటపడింది, ఈసారి జేమైక్రాన్ అనే సంస్థ ముద్రతో. రెండు సంస్థలకూ తైవాన్‌లో సిన్చూ సైన్స్ పార్కులోనే ఆఫీసులు.

అంతమాత్రాన మీ ఇంటి డాంగిల్ మీద గూఢచారులు కన్నేస్తారని కాదు. ముద్ర ఉండాలి, దానితోబాటు వచ్చిన చోటూ మంచిదై ఉండాలి. అనుమానంగా ఉంటే వైరస్‌టోటల్ అనే సైట్లో ఆ ఫైలు పెట్టండి, డజన్లకొద్దీ యాంటీవైరస్‌లు దాన్ని ఒకేసారి చూసి చెబుతాయి.

నాకిష్టమైన తనిఖీ ఇంకొకటుంది, డబ్బు ఖర్చులేనిది. డ్రైవర్ ఫోల్డర్ విప్పితే ఐఎన్ఎఫ్ అని ముగిసే ఫైలు ఒకటి కనిపిస్తుంది. నోట్‌ప్యాడ్‌లో తెరవండి, అది మామూలు అక్షరాల ఫైలే. కంట్రోల్ ఎఫ్ నొక్కి, మీరు కాగితం మీద రాసుకున్న పేరు, ఆ చివరి నాలుగు అక్షరాలు వెతకండి. కనిపిస్తే, ఈ దుబాసీకి మీ చిప్ భాష వచ్చునని వాడే రాసిచ్చినట్టు. కనిపించకపోతే ఎన్నిసార్లు 'నెక్స్ట్' నొక్కినా లాభం లేదు. మాస్టారికి చూపించాను. సీ811 ఉన్న వరస మీద వేలు పెట్టి, జవాబుపత్రంలో మెట్టు దొరికినంత సంతోషపడ్డారు.

ఎక్కించేముందు రీస్టోర్ పాయింట్ పెట్టుకోండి. స్టార్ట్‌లో 'క్రియేట్ ఎ రీస్టోర్ పాయింట్' అని కొడితే వస్తుంది. చాలా సిస్టముల్లో అది ఆఫ్ అయి ఉంటుంది, ముందు ఆన్ చేయాలి. తేడా వస్తే నిన్నటి స్థితికి వెనక్కి రావచ్చు. ఉన్న డ్రైవర్ మీద కొత్తది వేసి చెడితే డివైస్ మేనేజర్‌లోనే 'రోల్ బ్యాక్ డ్రైవర్' ఉంటుంది. ఇన్‌స్టాలర్ వెంట కంపెనీవాళ్ల సొంత వైఫై ప్రోగ్రాం కూడా వస్తానంటుంది, టిక్ తీసేయండి. విండోస్‌కు తన వైఫై జాబితా తనకుంది, ఒకే వంటింట్లో ఇద్దరు వంటవాళ్లు ఎందుకు.

ఇంతా చేసి వైఫై వచ్చి, పోయి, వచ్చి, పోతుంటే వెంటనే డ్రైవర్‌ను తిట్టకండి. మొన్న ఒకమ్మాయి లాప్‌టాప్ తెచ్చింది. "అన్నా, నాలుగు డ్రైవర్లు మార్చాను, వేగం రావట్లేదు" అంది. చూస్తే డాంగిల్ పక్క రంధ్రంలోనే యూఎస్‌బీ 3 హార్డ్‌డిస్క్. యూఎస్‌బీ 3 తీగలు పనిచేసేటప్పుడు పుట్టే రొద 2.4 గిగాహెర్ట్జ్ వైఫై మీద పడుతుంది. ఇంటెల్ వాళ్లే 2012లో కొలిచి రాశారు ఆ సంగతి. మూరెడు ఎక్స్‌టెన్షన్ తీగ వేసి డాంగిల్‌ను దూరం జరిపాను, కుదుటపడింది. నాలుగు డ్రైవర్లకు తగ్గని జబ్బు మూరెడు తీగకు తగ్గింది. డాంగిల్ తీసుకుంటే ఎక్స్‌టెన్షన్ కూడా తీసుకోండి, సిపియు వెనక ఇనుప డబ్బాకు అతుక్కుని ఉంటే సిగ్నల్ ఎలాగూ సగమే. అలాగే కాసేపు వాడకపోతే కనెక్షన్ తెగిపోతుంటే, డివైస్ మేనేజర్‌లో డాంగిల్ 'పవర్ మేనేజ్‌మెంట్' ట్యాబ్‌లో, పొదుపు కోసం దీన్ని ఆపవచ్చు అనే టిక్ తీసేయండి.

2025 అక్టోబర్ 14తో విండోస్ 10కి మామూలు మద్దతు ఆగిపోయింది కాబట్టి పాత సిస్టముల్లో లినక్స్ వేయించుకునేవాళ్లు పెరిగారు. వాళ్లకు ఒక్క మాట. లినక్స్‌లో దుబాసీలు చాలామంది కెర్నల్‌తోపాటే వస్తారు. మాస్టారి చిప్‌కు 2023లో వచ్చిన 6.2 కెర్నల్ నుంచి డ్రైవర్ లోపలే ఉంది. కాబట్టి కొత్త వెర్షన్ వేసుకుంటే పని తేలిక. టెర్మినల్‌లో 'ఎల్ఎస్‌యూఎస్‌బీ' అని కొడితే ఇంటిపేరు, పేరు అక్కడా కనిపిస్తాయి. ఎవరో రాసిన స్క్రిప్టును చదవకుండా 'సుడో' పెట్టి నడపడం మాత్రం, మాస్టారు ఆకుపచ్చ బటన్ నొక్కడం లాంటిదే.

మాస్టారు ఆ సాయంత్రం సిపియు తీసుకెళ్తూ ఒక అట్టముక్క అడిగారు. దానిమీద జాతకచక్రం వేసినంత శ్రద్ధగా డాంగిల్ ఇంటిపేరు, పేరు, చిప్ నంబరు, డ్రైవర్ వేసిన తేదీ రాసి, సిపియు పక్కరేకుకు టేపుతో అంటించుకున్నారు. డ్రైవర్ ఫోల్డర్ ఒక పెన్‌డ్రైవ్‌లో కాపీ చేయించుకున్నారు. మళ్లీ ఎప్పుడైనా ఫార్మాట్ కొడితే వెతుక్కోనక్కర్లేదు.

పదిరోజులకు ఫోన్ చేశారు.

"అబ్బాయ్, మా పక్కింటి కుర్రాడు డాంగిల్ కొన్నాట్ట. ఏదో సైట్ తెరిచి కూర్చున్నాడు. ఆగు, ముందు ఇంటిపేరు చెప్పు అన్నాను. ఒకటి నాలుగు ఎనిమిది ఎఫ్ అంటున్నాడు. పేరు ఏడు వేల ఆరువందల ఒకటి. ఎవరబ్బాయ్ వీళ్లు, మనవాళ్లేనా?"

"కాదు మాస్టారూ. 148ఎఫ్ అంటే రాలింక్ వాళ్లు. 2011లో ఆ సంస్థను మీడియాటెక్ కొనేసింది. చిప్ మాత్రం ఇంకా పుట్టింటి పేరుతోనే తిరుగుతోంది."

"అయితే డ్రైవర్‌ను అత్తారింటి పేరుతో వెతకాలన్నమాట."

"ముందు మీ ఫోన్ కేబుల్ ఇచ్చి, విండోస్ అప్‌డేట్ చూడమనండి."

"కేబుల్ ఇచ్చే ఫోన్ చేస్తున్నాను," అన్నారు మాస్టారు.